చెత్త ఆటో రాకముందే తేలిపోయే లెక్క: హోటళ్లు, దుకాణాలవాళ్లు పొరబడే చోట్లు

“మనం వేరుచేసి ఏం లాభం, ఆటోలో అన్నీ కలిపేస్తారు.” వ్యాపారుల నోట వినిపించే మాటల్లో అన్నిటికన్నా ఎక్కువ నష్టం చేసేది ఇదే. కొన్ని వీధుల్లో కలిపేస్తున్న మాట నిజమే. కానీ దాన్ని సాకుగా తీసుకుని షాపులోనే కలిపేస్తే అమ్ముడుపోయే సరుకు కూడా అక్కడే పాడైపోతుంది. అట్టపెట్టెలు, నీళ్ల బాటిళ్లు, నూనె డబ్బాలు, కడిగిన పాల కవర్లు అసలు ఆటో ఎక్కనక్కర్లేదు. పాత సామాన్లు కొనేవాళ్లు తీసుకుంటారు. వాటి మీద సాంబారు పడిందా, ముట్టుకోరు. అట్ట తడిస్తే బరువు తూగుతుందని ఆశపడేవాళ్లున్నారుగానీ, కొనేవాళ్లు తడికి తరుగు తీసేస్తారు. నూనె మరకది ఇంకో బాధ. మిల్లులో అట్టను నీళ్లలో నానబెట్టి గుజ్జు చేస్తారు. నూనె ఆ నీళ్లలో కలవదు, తయారైన కాగితం మీద మచ్చగా మిగిలిపోతుంది. అందుకే పిజ్జా పెట్టెలో నూనె అంటని మూతను చింపి అట్టలో వేయండి, జిడ్డు పట్టిన అడుగును పక్కన పెట్టండి.

కాబట్టి ముందు చూసుకోవాల్సింది ఆటోని కాదు, డబ్బాలు ఎక్కడ పెట్టారన్నది. తడి చెత్త డబ్బా ఎంగిలి ప్లేట్లు దించే చోట ఉండాలి, పొడిది సరుకు పెట్టెలు విప్పే చోట. చాలా హోటళ్లలో రెండూ వెనక గుమ్మం దగ్గర పక్కపక్కనే ఉంటాయి. రద్దీ వేళ ఏ మూత తెరిచి ఉంటే అందులోకే అన్నీ వెళ్లిపోతాయి. కడిగే చోటుకు పొడి డబ్బా కనీసం నాలుగైదు అడుగుల దూరంలో ఉంటే సగం గొడవ తీరుతుంది.

ప్లేట్లలో మిగిలింది నేరుగా డబ్బాలో వంచకూడదు. అడుగున చిల్లులు పెట్టిన బకెట్‌ను ఇంకో బకెట్ మీద నిలబెట్టి అందులోకి వంచితే చారు, మజ్జిగ, పప్పు నీళ్లు కిందికి దిగిపోతాయి. కిలోల చొప్పున డబ్బు కట్టేవాళ్లు ఆ నీళ్లకు కూడా కడుతున్నారని మరిచిపోతారు. కింద చేరిన నీళ్లను గ్రీజ్ ట్రాప్ (జిడ్డును ఆపే తొట్టి) ఉన్న తూములోనే పోయాలి. తడి డబ్బాలో ప్లాస్టిక్ సంచి తొడగొద్దు. ఆ సంచి చెత్తతోపాటే వెళ్లి కంపోస్టులో ముక్కలు ముక్కలుగా తేలుతుంది. అడుగున రెండు పొరల పాత న్యూస్‌పేపర్ పరిచి, ఖాళీ అయ్యాక కడిగితే చాలు. 120 లీటర్ల డబ్బాను అన్నం, కూరలతో నిండా నింపితే 60 కిలోలు దాటుతుంది, ఎత్తే కార్మికుల నడుములు పోతాయి. ముప్పావు వరకే నింపండి.

“మాది చిన్న హోటల్, 100 కిలోలు దాటితేనే రూల్స్” అన్నది రెండో అపోహ. వేరుచేయడం, వేరుగా అప్పగించడం, తగలబెట్టకపోవడం చెత్త పుట్టించే ప్రతి ఒక్కరికీ వర్తిస్తాయి, బడ్డీకొట్టుతో సహా. రోజుకు 100 కిలోలన్న హద్దు దాటినవాళ్లకు వీటి మీద అదనపు బాధ్యతలు వస్తాయి, అంతే. 2016 ఘన వ్యర్థాల నిబంధనలు చెత్తను మూడు రకాలుగా విడదీయమన్నాయి. 2026 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త నిబంధనల ప్రకారం నాలుగు రకాలు: తడి, పొడి, శానిటరీ, ప్రత్యేక జాగ్రత్త కావాల్సినవి. బల్బులు, పెయింటు డబ్బాలు, గడువు తీరిన మందులు ఆఖరి రకంలోకి వస్తాయి. ఆఫీసు టాయిలెట్లలోని న్యాప్‌కిన్లు కాగితంలో చుట్టి శానిటరీ డబ్బాలోకి వెళ్లాలి, పొడి చెత్తలోకి కాదు. ఆ పొడి చెత్తను చేత్తో ఏరేవాళ్లు ఉంటారు. పెద్ద ఎత్తున చెత్త పుట్టించేవాళ్ల లెక్క కూడా మారింది. 100 కిలోలు లేదా అంతకు మించి చెత్త వచ్చినా, 20,000 చదరపు మీటర్ల కట్టడం ఉన్నా, రోజుకు 40,000 లీటర్ల నీళ్లు వాడినా ఆ జాబితాలోకి వస్తారు. మూడింటిలో ఒక్కటి చాలు.

మీ లెక్క తేలాలంటే తూకం వేయాల్సిందే, కంటి అంచనా పనికిరాదు. అరటాకులు, విస్తళ్లు డబ్బా నిండా కనబడతాయి, తూకానికి రావు. అన్నం సగం డబ్బాయే ఉన్నా బరువు తూగుతుంది. ఒక వేలాడే డిజిటల్ కాటా తీసుకోండి. ఖాళీ డబ్బా బరువు దాని మీదే పెయింటుతో రాసేయండి. సోమవారం నుంచి ఆదివారం దాకా ప్రతి డబ్బా బయటికి వెళ్లేముందు తూచి, ఖాళీ బరువు తీసేసి, తడి, పొడి, మిగతావి వేర్వేరు గళ్లలో రాయండి. వారానికి 630 కిలోలు వస్తే రోజుకు 90. అదే 770 వస్తే రోజుకు 110, హద్దు దాటినట్టే. శ్రావణమాసం పెళ్లిళ్లలో ఒక వారం, మామూలు రోజుల్లో ఒక వారం తూస్తే నమ్మదగిన సగటు చేతికొస్తుంది.

“పన్ను కడుతున్నాం, ట్రేడ్ లైసెన్సు ఉంది, ఇంకేం కట్టాలి” అన్న వాదన కూడా నిలబడదు. ఆస్తి పన్ను, లైసెన్సు ఫీజు వేరు. చెత్త సేకరణకు యూజర్ చార్జీ విధించే అధికారం స్థానిక సంస్థలకు 2016 నిబంధనలే ఇచ్చాయి. మీ వార్డు శానిటరీ ఇన్‌స్పెక్టర్‌ని అడిగి వాణిజ్య సంస్థల రేటు రాతపూర్వకంగా తెలుసుకోండి, కట్టిన ప్రతిసారీ రసీదు తీసుకోండి. ప్రైవేటు ఏజెన్సీతో ఒప్పందం చేసుకుంటే డబ్బు సంగతికన్నా ముందు నాలుగు విషయాలు కాగితం మీదికి రావాలి: చెత్త ఏ ప్లాంటుకు వెళ్తుంది, ఆ ప్లాంటుకు కాలుష్య నియంత్రణ మండలి అనుమతి ఉందా, తూకం చీటీ ఎప్పుడెప్పుడు ఇస్తారు, బండి రాని రోజు ఏం చేస్తారు. ట్రిప్పుకింత అని మాట్లాడుకుంటే సగం ఖాళీ డబ్బాకూ మీరే కడతారు. వారం తూకాల పుస్తకం చేతిలో ఉంటే కిలో లెక్కన బేరమాడగలరు. చెత్త ఎక్కడికి వెళ్తుందో చెప్పలేని ఏజెన్సీ ఎంత చవకైనా వద్దు. చెరువు గట్టున పారబోసిన సంచిలో మీ షాపు బిల్లులు దొరికితే అధికారులు వచ్చేది మీ గుమ్మానికే.

ఇక కంపోస్టు యంత్రాలు. “24 గంటల్లో ఎరువు” అని అమ్మే యంత్రాలను నమ్మి అపార్ట్‌మెంట్లు, హోటళ్లు లక్షలు పోస్తున్నాయి. చాలా యంత్రాలు ఆ 24 గంటల్లో చేసేది చెత్తను తరిగి, వేడిచేసి, ఆరబెట్టడమే. గోధుమరంగు పొడి బయటికి వస్తుంది, వాసన కూడా తగ్గుతుంది, కానీ అది ఎరువు కాదు. మొక్క మొదట్లో వేసి నీళ్లు పోస్తే అక్కడే మళ్లీ కుళ్లడం మొదలుపెట్టి వేడెక్కుతుంది, వేళ్లు మాడిపోతాయి. యంత్రం వల్ల బరువు తగ్గుతుంది, మోత సులువవుతుంది. ఆ మేరకు అది పనికొచ్చేదే. దాని తర్వాత పొడిని తడిపి, గాలి ఆడేలా కొన్ని వారాలు మాగబెట్టాలి.

యంత్రం లేకుండా చేసేవాళ్లు ఇలా వెళ్లండి. కూరగాయల తొక్కలు, ఆకులు అంగుళం రెండంగుళాల ముక్కలుగా తరగాలి. రెండు బకెట్ల తడి చెత్తకు ఒకటి నుంచి రెండు బకెట్ల ఎండుటాకులు, కొబ్బరి పొట్టు లేదా రంపపు పొట్టు కలపాలి. పొట్టు ఖర్చు అనుకుని తగ్గించడమే వాసనకు మొదటి కారణం. కలిపాక గుప్పెట తీసుకుని గట్టిగా పిండండి. ఒకటి రెండు చుక్కలు రాలితే తేమ సరిపోయింది. ధారగా కారితే పొట్టు తక్కువైంది. అసలు రాలకపోతే నీళ్లు చల్లాలి. కుప్ప పొడవు, వెడల్పు, ఎత్తు మీటరు చొప్పునైనా లేకపోతే వేడి నిలవదు. సరిగ్గా కుదిరితే నాలుగు రోజుల్లోపు లోపల 55 నుంచి 65 డిగ్రీలకు చేరుతుంది, రోగకారక క్రిములు, కలుపు గింజలు చచ్చేది ఆ వేడిలోనే. మూడు నాలుగు రోజులకోసారి తిరగేయాలి. వండిన అన్నం ముద్దగా వేస్తే లోపలికి గాలి ఆడదు, పులిసి కంపు కొడుతుంది. దాన్ని పలచగా పరిచి పొట్టు చల్లాకే కలపాలి. పురుగులు పట్టాయంటే పైన కప్పు చాలడం లేదన్నమాట, రెండంగుళాల పొడి పొర కప్పండి. పచ్చళ్లు, ఉప్పు ఎక్కువున్న కూరలు, ఎముకలు, వాడిన నూనె ఇందులో వద్దు. మొత్తానికి 45 నుంచి 60 రోజులు పడుతుంది. అయిందో లేదో తెలుసుకోవడానికి గుప్పెడు తీసి తడిపి, కవర్లో మూడు రోజులు మూతికట్టి ఉంచి విప్పండి. మట్టి వాసన వస్తే సిద్ధం. పుల్లగానో ఘాటుగానో వస్తే ఇంకా మాగాలి.

కుప్ప వేసే జాగా లేనివాళ్లకు బయోగ్యాస్ దారి ఉంది. హైదరాబాద్ బోయిన్‌పల్లి కూరగాయల మార్కెట్‌లో రోజుకు 10 టన్నుల వరకు కూరగాయల వ్యర్థాలతో గ్యాస్ తీసి, దాంతో 500 యూనిట్ల దాకా కరెంటు తయారుచేసిన తీరు దేశమంతటికీ తెలిసింది. అక్కడ అది సాధ్యమైంది ఒకే రకం తడి చెత్త ఒకేచోట దొరకడం వల్ల. ప్లాస్టిక్ కవర్లు కలిసి ఉంటే పైపులే మూసుకుపోయేవి.

“ఎలాగూ కాల్చి కరెంటు తీస్తున్నారుగా, వేరుచేయడం దేనికి” అని ఇప్పుడు కొత్తగా వినబడుతోంది. హైదరాబాద్‌లో జవహర్‌నగర్, ఆంధ్రలో విశాఖ, గుంటూరు ప్లాంట్లు చెత్తతో విద్యుత్తు తీస్తున్న మాట నిజం. కానీ ఎంగిలి అన్నంలో ఉండేది ఎక్కువగా నీళ్లే. ఆ నీళ్లను ఆవిరి చేయడానికే మంట ఖర్చయిపోతుంది. రీసైకిల్ కాని పొడి చెత్త ఎంత పొడిగా చేరితే కాల్చడానికి అంత పనికొస్తుంది. షాపు ముందు మీరే కాల్చడం మాత్రం ఏ లెక్కనా కుదరదు. బహిరంగంగా చెత్త తగలబెడితే 5,000, పెద్ద ఎత్తున అయితే 25,000 రూపాయలు కట్టాలని జాతీయ హరిత ట్రిబ్యునల్ 2016లోనే చెప్పింది.

త్రికోణం గుర్తు ఉంటే రీసైకిల్ అవుతుందనుకోవడం కూడా పొరపాటే. లోపలి అంకె ప్లాస్టిక్ రకాన్ని చెబుతుంది, కొనేవాళ్లున్నారని చెప్పదు. 1 నీళ్ల బాటిళ్లు, 2 ఫినాయిల్ డబ్బాల్లాంటివి, 4 కవర్లు, 5 పార్శిల్ డబ్బాలు. కడిగి ఇస్తే వీటికి గిరాకీ ఉంటుంది. 3, 6, 7 అంకెలవి తీసుకునేవాళ్లు తక్కువ. చిప్స్ ప్యాకెట్లలో ప్లాస్టిక్, అల్యూమినియం పొరలు అతికి ఉంటాయి, విడదీయడం కుదరక ఎక్కువగా సిమెంటు బట్టీల్లో ఇంధనంగా పంపుతారు. టీ కప్పు “పేపర్” అనే పేరుతో మోసపోకండి: నానబెట్టి చింపితే లోపల పలచని ప్లాస్టిక్ పొర ఊడివస్తుంది. దాన్ని తడి చెత్తలోనూ, అట్టలోనూ వేయకూడదు. ఒకదాంట్లో ఒకటి దూర్చి పొడి చెత్తలో వేరే సంచిలో ఇవ్వండి. బిల్లింగ్ మెషిన్ చీటీలకు రసాయన పూత ఉంటుంది, తెల్ల కాగితంలో కలపొద్దు. “కంపోస్టబుల్” సంచులు మట్టిలో పడేస్తే మాయమైపోవు, తగిన వేడి, తేమ ఉన్న కంపోస్టు ప్లాంటు కావాలి. మామూలు ప్లాస్టిక్‌లో కలిస్తే దాన్నీ పాడుచేస్తాయి. మామూలు ప్లాస్టిక్ సంచి మందం 120 మైక్రాన్లకు తగ్గకూడదన్న నిబంధన 2022 డిసెంబరు 31 నుంచి ఉంది. స్వీటు డబ్బా చుట్టే పలచని ఫిల్మ్, స్ట్రాలు, ప్లాస్టిక్ స్పూన్లు 2022 జులై 1నే నిషేధించారు.

వాడిన నూనె విషయంలో జాగ్రత్త ఇంకా ఎక్కువ ఉండాలి, ఎందుకంటే అది మళ్లీ మనుషుల కడుపులోకే వచ్చే ప్రమాదం ఉంది. టోటల్ పోలార్ కాంపౌండ్లు (నూనెను పదేపదే కాచినప్పుడు పెరిగే పదార్థాలు) 25 శాతం దాటిన నూనె వంటకు పనికిరాదని ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ నియమం. వేయించడానికి రోజుకు 50 లీటర్ల కన్నా ఎక్కువ నూనె వాడేవాళ్లు ఎంత వాడారు, ఎంత పారేశారు, ఎవరికిచ్చారు అని రికార్డు రాయాలి. చల్లారాక వడగట్టి, మూత ఉన్న డబ్బాలో పోసి తేదీ రాసి, ఎఫ్ఎస్ఎస్ఏఐ రూకో పథకం కింద నమోదైన సేకర్తలకే ఇవ్వండి, వాళ్లు బయోడీజిల్‌కు పంపుతారు. ఎక్కువ ధర ఇస్తానని వచ్చే ఊరూపేరూ లేని కొనుగోలుదారుకు అమ్మితే అది ఏ బజ్జీల బాండీకి చేరుతుందో మీకు తెలియదు. సింకులో పోస్తే వేడినీళ్లతో కొట్టుకుపోతుందనుకుంటారు. నిజానికి నాలుగు గజాలు ముందుకెళ్లి చల్లబడి అక్కడ గడ్డకడుతుంది, వర్షాకాలంలో మ్యాన్‌హోల్ పొంగేది అలాంటి చోటే. గ్రీజ్ ట్రాప్‌లో కర్ర ముంచి చూడండి. పైన తేలే జిడ్డు, అడుగున చేరిన మడ్డి రెండూ కలిపి లోతులో పావు వంతుకు వచ్చేసరికి శుభ్రం చేయించాలి.

ఆటోకి అసలు ఇవ్వకూడనివి కొన్ని ఉన్నాయి. కోడి పేగులు, ఈకలు మూత బిగించిన డబ్బాలో పెట్టి, రెండరింగ్ ప్లాంటుకు (మాంసం వ్యర్థాలను ఉడికించి కొవ్వు, పొడిగా మార్చేచోటికి) చేరవేసే అనుమతి ఉన్న బండికి ఏ రోజుది ఆ రోజే ఇవ్వాలి. ఆంధ్రలో చేపల చెరువులకు వాటిని మేతగా వేయడం నిషిద్ధం, అందుకోసం అమ్మినవాళ్లూ ఇబ్బందుల్లో పడతారు. బొండాల బండ్లవాళ్లు డొక్కల్ని నాలుగు చెక్కలు చేసి ఎండబెడితే జాగా తగ్గుతుంది, నిలిచిన నీటిలో దోమలు పెరగవు. షాపు మరమ్మతుల్లో వచ్చే ఇటుక ముక్కలు, టైల్స్ చెత్త డబ్బాలో వేస్తే ఆటో విరుగుతుంది. హైదరాబాద్‌లో వాటికి జీడిమెట్ల, ఫతుల్లాగూడ ప్లాంట్లు ఉన్నాయి. ఇన్వర్టర్ బ్యాటరీ కొత్తది కొన్నచోటే పాతది మార్చుకోండి. యాసిడ్ కాలువలో ఒంపేసి సీసం మాత్రమే కొనే దుకాణానికి ఇవ్వొద్దు. కంప్యూటర్లు, ప్రింటర్లు రిజిస్టరైన రీసైక్లర్‌కే ఇచ్చి సర్టిఫికెట్ ఫైల్లో పెట్టుకోండి. ట్యూబ్‌లైట్లలో పాదరసం ఉంటుంది, పగలగొట్టకుండా కొత్తవాటి అట్ట గొట్టాల్లోనే నిలబెట్టి దాచండి. పొరపాటున పగిలితే ఫ్యాన్ ఆపి, కిటికీలు తెరిచి పావుగంట బయటికి వెళ్లండి. తర్వాత చీపురు వాడకుండా అట్టముక్కతో ఎత్తి, తడి కాగితంతో తుడిచి, అన్నీ మూత ఉన్న సీసాలో వేసి ప్రత్యేక జాగ్రత్త డబ్బాలో పెట్టండి.