గాజుపెట్టెలో లెపాంథెస్ కాలోడిక్టియన్ పెంచడం ఎలా

ఈ చిట్టి ఆర్కిడ్‌ని ఆకు చూసి తెచ్చుకునేవాళ్లే ఎక్కువ. లేత ఆకుపచ్చ మీద ముదురు గోధుమ ఎరుపులో వల అల్లినట్టు ఈనెలు, అంచంతా కుచ్చిళ్లు పోసినట్టు ముడతలు. పువ్వు పెసరగింజంత ఉంటుంది, భూతద్దం పట్టుకుంటే గానీ దాని రంగులు విడివిడిగా కనిపించవు. పుట్టిల్లు ఈక్వెడార్, కొలంబియా దేశాల్లోని ఆండీస్ కొండల పడమటి వాలు. అక్కడ మబ్బు చెట్ల మధ్యకి దిగి తిరిగే అడవుల్లో, నాచు పట్టిన కొమ్మల మీద బతుకుతుంది.

చాలా ఆర్కిడ్‌లకి కాండం అడుగున నీళ్లు దాచుకునే దుంపలాంటి భాగం ఉంటుంది, దీనికి అది లేదు. ఒక్క మధ్యాహ్నం గాలి పొడిగా తగిలినా ఆకు వాడుతుంది. కాబట్టి గాజుపెట్టె తప్పనిసరి, లోపల తేమ 80 శాతానికి తగ్గకూడదు. కానీ తేమ అనగానే మూత బిగించేసి వదిలేస్తాం చూడండి, ఎక్కువ మొక్కలు పోయేది అక్కడే! అడవిలో మబ్బు ఒకచోట నిలబడదు, గాలితో కదులుతూనే ఉంటుంది. పెట్టెలో గాలి ఆగిపోతే ఆకులు మచ్చలు పడి, నల్లబడి రాలిపోతాయి. కంప్యూటర్‌లో వాడే చిన్న ఫ్యాన్ ఒకటి పెట్టండి, గాలి నేరుగా మొక్క మీదకి కాకుండా గాజు గోడకి తగిలేలా తిప్పండి.

నాటడానికి కార్క్ బెరడు ముక్క చాలు. నీళ్లు బాగా పీల్చి పట్టుకునే స్ఫాగ్నమ్ నాచు నానబెట్టి, గుప్పిట్లో పిండితే ఒకటి రెండు చుక్కలు రాలేంత తడి ఉంచి, వేళ్ల చుట్టూ పల్చగా పరిచి దారంతో కట్టండి. నాచు కుక్కితే వేళ్లకి గాలి ఆడదు.

నీళ్లు ఆర్‌వోవి గానీ వాననీళ్లు గానీ వాడండి, ఉప్పు ఎక్కువున్న నీటితో ఆకు కొనలు మాడతాయి. పొద్దున్నే స్ప్రే చేస్తే రాత్రికల్లా ఆకు పైతడి ఆరిపోతుంది, నాచు మాత్రం తడిగానే ఉండాలి. పగలు 24 డిగ్రీల దగ్గర, రాత్రి 16-18 ఉంటే హాయిగా పెరుగుతుంది. నేరు ఎండ వద్దు, ఎల్ఈడీ లైటు చాలు. ఆకు మొత్తం ఎర్రబారుతుంటే లైటు కాస్త దూరం జరపండి.

పువ్వు రాలాక ఆ వెంట్రుకంత కాడ ఎండినట్టే అనిపిస్తుంది, అయినా దయచేసి కత్తిరించకండి. అదే కాడ మీద ఒకదాని తర్వాత ఒకటి మళ్లీ పూస్తుంది. ఇంత చిన్న పువ్వు ఎవరి కోసం అంటారా? దీని బంధువు లెపాంథెస్ గ్లికెన్‌స్టైనీ ఫంగస్ దోమలనే బుల్లి ఈగల్లో ఆడదానిలా భ్రమపెట్టి మగవాటిని రప్పించుకుంటుందని కోస్టారికాలో గమనించి 2005లో ప్రచురించారు. పెట్టెలో మీరు భయపడాల్సింది నత్తలకి, ఒక్క రాత్రిలో మొగ్గలన్నీ తినేస్తాయి.

కొనేటప్పుడు నర్సరీలో పెంచిన మొక్కే అడగండి. ఆర్కిడ్‌లన్నీ సైటీస్ (అడవి మొక్కలు, జంతువుల అంతర్జాతీయ వ్యాపారాన్ని అదుపు చేసే) ఒప్పందం కిందకి వస్తాయి, అడవి నుంచి పీకి తెచ్చినదాన్ని ఎంత చవకైనా ముట్టుకోవద్దు, నాకు ఈ విషయంలో రాజీ లేదు.

కొత్తగా వచ్చిన మొక్కకి వెంటనే ఎరువు పెట్టకండి. ముందు కొత్త ఆకు వచ్చేదాకా ఆగండి: మొదలు దగ్గర ఆకుని మోసే సన్నటి కాడ లేస్తుంది, దాని పొడవునా బుల్లి బాకాలు ఒకదానిలో ఒకటి దూర్చినట్టు పొరలుంటాయి, చివర చుట్టుకున్న ఆకు మెల్లగా విప్పుకుంటుంది. ఆ ఆకు పూర్తిగా పరుచుకున్నాక, డబ్బా మీద రాసిన మోతాదులో ఎనిమిదో వంతు, రెండు వారాలకోసారి మొదలుపెట్టండి.