డాబా మీద కర్ర నిలబెట్టి భూమిని కొలవడం ఎలా?

భూమి గుండ్రంగా ఉంటుందని అందరం బడిలో బట్టీ పట్టినవాళ్లమే. చెన్నైలో ఉంటున్న తెలుగువాళ్లు ఒక్కసారైనా ఆ మాటను తమ చేత్తో కొలిచి చూసుకోవాలని నా కోరిక. మనకు ఇక్కడ ఒక అదృష్టం ఉంది. విజయవాడ మనకు దాదాపు సూటిగా ఉత్తరాన ఉంది, అక్కడ చాలామందికి చుట్టాలున్నారు.

ముందు మెరీనాకు వెళ్లండి. సాయంత్రం నాలుగింటికైతే ఎండ వెనక నుంచి పడి ఓడలు తేటగా కనబడతాయి. నీళ్ల అంచున నిలబడితే మన చూపు నాలుగైదు కిలోమీటర్ల దాకానే ఆనుతుంది. అంతకు బాగా అవతల ఉన్న ఓడను బైనాక్యులర్‌తో చూడండి, కింది భాగం సముద్రం మింగేసినట్టు ఉంటుంది. వెంటనే లైట్‌హౌస్ ఎక్కి అదే ఓడను చూడండి. 40 మీటర్ల ఎత్తు నుంచి చూపు 22 కిలోమీటర్లు దాటుతుంది కాబట్టి, దాగిన భాగం పైకి తేలుతుంది. ఈ మెట్టు వదిలేయకండి. కర్ర లెక్క భూమి పరిమాణం చెబుతుంది, వంపు ఉందని చూపించేది మాత్రం ఈ ఓడే.

ఇక కర్ర. సరిగ్గా మీటరు పొడవున్న కర్ర మీ డాబా మీద ఒకటి, విజయవాడలో అక్కవాళ్ల డాబా మీద ఒకటి, ఒకే రోజు నిలబెట్టాలి. ఏప్రిల్ చివరి నుంచి ఆగస్టు మూడో వారం దాకా తప్ప, ఎండ ఉన్న ఏ రోజైనా పనికొస్తుంది. మార్చి 21 అయితే నాకిష్టం, అప్పుడు ఆకాశం తేటగా ఉంటుంది. దారానికి రాయి కట్టి పక్కన వేలాడదీసి, కర్ర నిటారుగా ఉందో లేదో చూసుకోండి. నేల కూడా సమంగా ఉండాలి, నీళ్లు పోయేందుకు డాబాకు వాలు ఇస్తారు కాబట్టి కింద పలక వేసి సరిచేయండి. మార్చి 21న అయితే మధ్యాహ్నం 12 నుంచి 12:30 వరకు రెండేసి నిమిషాలకు నీడ కొసను సుద్దముక్కతో గుర్తు పెట్టండి. ఆ రోజున చెన్నైలో అతి పొట్టి నీడ సుమారు 12:16కి పడుతుంది. దాని పొడవే మనకు కావలసింది.

ఆ రోజు చెన్నైలో నీడ దాదాపు 22.7 సెంటీమీటర్లు, విజయవాడలో దాదాపు 29.1 రావాలి. గ్రాఫ్ కాగితం మీద కర్రనూ నీడనూ గీసి, రెండింటి కొసలనూ కలిపి, కర్ర పై కొస దగ్గరి కోణాన్ని కోణమానినితో కొలవండి, లేదా కాల్‌క్యులేటర్‌లో నీడను కర్ర పొడవుతో భాగించి టాన్ ఇన్వర్స్ నొక్కండి. కోణాలు 12.8, 16.2 డిగ్రీల దగ్గర వస్తాయి. తేడా సుమారు 3.4. అంటే రెండు ఊళ్ల నడుమ భూమి అన్ని డిగ్రీలు వంగింది, పూర్తి చుట్టు 360 డిగ్రీలు. రెండు ఊళ్ల మధ్య దూరం మ్యాప్‌లో నేరుగా 380 కిలోమీటర్లు (రైలు దూరం వేస్తే లెక్క చెడుతుంది). 360ని మీకొచ్చిన తేడాతో భాగించి 380తో గుణిస్తే 40 వేల దగ్గర తేలుతుంది. అదే భూమి చుట్టుకొలత!

నీడ అంచు మసకగా ఉంటుంది. అర సెంటీమీటరు పొరపాటుకే జవాబు 37 వేలో 43 వేలో అవుతుంది. టెన్షన్ పడకండి, మర్నాడు మళ్లీ కొలవండి.

నిజానికి భూమి అచ్చమైన బంతి కాదు. తన చుట్టూ తాను తిరగడం వల్ల నడుము దగ్గర ఉబ్బింది. కేంద్రం నుంచి భూమధ్యరేఖకు 6,378 కిలోమీటర్లు, ధ్రువానికి 6,357. ఈ తేడా మన కర్రకు అందదు. దాన్ని కూడా తేల్చాలనే విలియం లాంబ్టన్ అనే బ్రిటిష్ సర్వేయర్ 1802 ఏప్రిల్‌లో మన పరంగిమలై (సెయింట్ థామస్ మౌంట్) దగ్గరే గొలుసులు పరిచి, దాదాపు 12 కిలోమీటర్ల గీత కొలిచాడు.

లోపలి సంగతికి పుచ్చకాయను తలుచుకోండి. కోయకుండా, తట్టి వింటాం కదా. శాస్త్రవేత్తలు భూకంపాల అలల్ని అలాగే విన్నారు. ఒక రకం అలలు ద్రవంలో ప్రయాణించలేవు. అవి దాటలేక ఆగిపోయిన చోటును బట్టి, 2,900 కిలోమీటర్ల లోతున కరిగిన లోహం ఉందని తెలిసింది. దాని నడుమ గట్టి గుండు ఉందని 1936లో డెన్మార్క్ భూకంప శాస్త్రవేత్త ఇంగే లేమన్ గుర్తించింది. మనిషి తవ్విన అతి లోతైన బోరు రష్యాలోని కోలాలో ఉంది. దాని లోతు 12 కిలోమీటర్ల పైచిలుకు, ఇంచుమించు పరంగిమలై దగ్గరి ఆ గీతంత.