వాయువుల ఘనపరిమాణాన్ని మార్చే ముందు జాగ్రత్తలు

లెక్క మొదలుపెట్టే ముందే, కాగితం మీద ఉన్న ఘనమీటరు ఏ ఉష్ణోగ్రత, ఏ పీడనాల దగ్గర కొలిచినదో తప్పక తెలుసుకోండి. సాధారణంగా నార్మల్ ఘనమీటరును 0 డిగ్రీల సెల్సియస్ వద్ద, స్టాండర్డ్ ఘనమీటరును 15 డిగ్రీల వద్ద లెక్కిస్తారు కనుక, పీడనం ఒకటే అయినా మొదటిదానిలో ఉండే వాయువు రెండవదానిలో ఉండేదానికి 1.055 రెట్లు అవుతుంది. విజయవాడలో మే నెల ఎండకు వాయువు 45 డిగ్రీలకు చేరితే, 15 డిగ్రీల వద్ద 100 ఘనమీటర్లున్నది అదే పీడనంలో దాదాపు 110 అవుతుంది.

ఉష్ణోగ్రతకు 273.15 కలిపి కెల్విన్‌లోకి మార్చాకే నిష్పత్తి కట్టండి.

నా దృష్టిలో అన్నిటికంటే ప్రమాదకరమైన పొరపాటు గేజి పీడనాన్నే అసలు పీడనంగా తీసుకోవడం. గేజి 1 బార్ చూపినప్పుడు వాతావరణ పీడనాన్ని కలిపితే అది సుమారు 2 బార్లు కాబట్టి, కలపడం మరచిపోతే జవాబు సగానికి పడిపోతుంది.

ఆటోనగర్‌లో వెల్డింగుకు వాడే ఆక్సిజన్ సిలిండర్ భుజం మీద చెక్కిన 46.7 లీటర్లు నీరు పట్టే పరిమాణమే తప్ప వాయువుది కాదు. 150 బార్ల వద్ద అందులో, వాతావరణ పీడనానికి లెక్కిస్తే, సుమారు 7 ఘనమీటర్ల ఆక్సిజన్ ఉంటుంది.

ఘనమీటరుకు 35.315 ఘనపుటడుగులు. అడుగుకు 0.3048 మీటర్లన్న గుణకాన్ని ఘనం చేయకుండా వాడకండి. వంటగ్యాసు, సీఎన్‌జీ కిలోల్లో అమ్ముతారు గనుక సాంద్రత తెలియనిదే వాటిని ఘనమీటర్లలోకి మార్చవద్దు.