పేరు తిరగేసి పిలవడం ఎలా?

చెన్నైలో మేముండే అపార్ట్‌మెంట్‌లో ఎండాకాలం సెలవులొస్తే తెలుగు పిల్లల పేర్లన్నీ తారుమారవుతాయి. వాళ్లతో ఈ ఆట ఆడటం నాకు భలే ఇష్టం. మీకూ నేర్పుతాను.

ముందు పేరును తెలుగులోనే రాసుకోండి. అక్షరం గుణింతంతో సహా కదలాలి. రవి ‘విర’ అవుతాడు, మురళి ‘ళిరము’ అవుతాడు. ఫ్రెంచి కుర్రకారు వాడే వెర్లాన్ కూడా ఇలాంటిదే. తిరగేసినది అని అర్థమిచ్చే ‘లాన్‌వెర్’ను తిరగేస్తే వచ్చిన పేరది.

అసలు చిక్కంతా ఒత్తులతోనే. సుబ్బును ఉన్నదున్నట్టు తిప్పితే ‘బ్బుసు’. అలా మొదలయ్యే మాట తెలుగు నోటికి పట్టదు. అందుకే అక్షరాలను మార్చి, ద్విత్వాన్ని మాత్రం మధ్యలోనే ఉంచండి: బుస్సు! అలాగే డబ్బు ‘బుడ్డ’ అవుతుంది, పప్పు ‘పుప్ప’ అవుతుంది. సున్నకు మాత్రం ఒకే సూత్రం లేదు. రంగలో అక్షరంతో పాటు జరిగితే ‘గరం’ వస్తుంది, గిండిలో ఉన్నచోటే ఉంటే ‘డింగి’ వస్తుంది. రెండు రకాలుగానూ పైకి అని చూసి, నోటికి ఏది హాయిగా ఉంటే అది ఉంచుకోండి. లక్ష్మితో కుస్తీ పట్టకండి. లచ్చి అనుకుంటే ‘చిల్ల’ అని చక్కగా వస్తుంది.

జలజ, నవీన, కనక ఎటు తిప్పినా అవే. వాళ్లకు ఇంటిపేరు తిప్పండి.

పిలిచే ముందు అర్థం చూసుకోండి. పసలేని కవితను ‘తవిక’ అని వెక్కిరించడం మనకు అలవాటే కాబట్టి, కవిత అనే అమ్మాయికి ఆ పేరు గుచ్చుకుంటుంది. మాధవను తిప్పితే ‘వధమా’, అది అసలే వద్దు. చెన్నైలో అరవం కూడా చూసుకోవాలి. మా లతను ‘తల’ అంటే మొదట ఏడుపుముఖం పెట్టింది. కింద ఆడుకుంటున్న తమిళ పిల్లలు అది విని “తలా!” అని చప్పట్లు కొట్టారు. ఇక్కడ ధోనీని పిలిచేది అలాగే మరి. ఇప్పుడు తను లత అంటే పలకదు.

పిల్లలు ఆటలో పడ్డాక వాల్మీకి కథ చెప్పి, ‘మరా మరా’ అని ఆపకుండా అనమనండి. పక్కనే కంచి ప్రాంతపు వేంకటాధ్వరి ‘రాఘవయాదవీయం’లో 30 శ్లోకాలను ముందు నుంచి చదివితే రాముడి కథ, వెనక నుంచి చదివితే కృష్ణుడి కథ వచ్చేలా రాశాడని కూడా చెప్పండి. అయితే ముందు ‘మరా’ కానివ్వండి. నాలుగోసారికో ఐదోసారికో తమ నోట్లోంచే ‘రామ’ వినపడగానే వాళ్ల కళ్లు పెద్దవవుతాయి.