తీరానికి వెళ్లే కడప విద్యార్థులు పైప్ చేపను గుర్తించడం ఎలా

పెన్నా నది సముద్రంలో కలిసే నెల్లూరు జిల్లా తీరానికి క్షేత్ర పర్యటనకు బయలుదేరే జంతుశాస్త్ర విద్యార్థులు, సముద్రపు గుర్రాల కుటుంబానికి చెందిన, సన్నని పుల్లలా ఉండే పైప్ చేపను వెతకాలనుకుంటే ముందుగా కడపలోనే కంటికి తర్ఫీదు ఇచ్చుకోవాలి. కళ్లెదుటే ఉన్నా దానిని ఎండుపుల్ల అనుకొని దాటిపోవడం చాలా తేలిక. వెడల్పాటి టబ్బులో చెరువు నాచు, పదిహేను చీపురు పుల్లలు వేసి, ఒక పుల్లకు మాత్రం సన్నని దారం కట్టండి. స్నేహితుడు దానిని మెల్లగా లాగుతుంటే ఏ పుల్ల కదిలిందో పైనుంచి చూసి చెప్పడం అలవాటు చేసుకోండి. పైప్ చేప కూడా ఇలాగే కదులుతుంది. ఒళ్లు దాదాపు బిగుసుకొనే ఉంటుంది, వీపు మీది పృష్ఠ వాజం (రెక్క) ఒక్కటే గాలికి రెపరెపలాడే కాగితంలా వణుకుతుంది.

1854లో డచ్ చేపల శాస్త్రవేత్త బ్లీకర్ వర్ణించిన హిప్పిక్తిస్ సయనోస్పిలోస్ అనే జాతి పైప్ చేపలకు మంచి ఉదాహరణ. సుమారు 16 సెంటీమీటర్ల వరకు పెరిగే ఈ చేప నదీముఖాలలోను, మడ అడవులలోను, మంచినీరు ఉప్పునీటితో కలిసే చోట్ల బతుకుతుంది. పొలుసులకు బదులు ఎముక పలకలు వలయాలుగా దీని దేహాన్ని కప్పి ఉంటాయి. శ్రోణి వాజాలు (పొట్ట కింది రెక్కలు), దంతాలు, జీర్ణాశయం ఉండవు. గొట్టం వంటి మూతితో చిన్న క్రస్టేషియన్లను (రొయ్యల వంటి పెంకు జీవులను) రెప్పపాటు కన్నా తక్కువ సమయంలో లోపలికి పీల్చుకుంటుంది.

పాటు సమయంలో, అంటే సముద్రపు నీరు వెనక్కి తగ్గినప్పుడు, లోతు తక్కువగా ఉండి నీటిమొక్కలు, మడచెట్ల వేర్లు ఉన్న అంచులలో వెతకండి. పాత ప్లాస్టిక్ బకెట్టు అడుగు కోసి పారదర్శకమైన షీటును నీరు చొరకుండా అంటిస్తే, దానిని నీటిపై ఆనించి అలల మెరుపు అడ్డురాకుండా లోపలికి చూడవచ్చు. మీ నీడ నీటిపై పడకుండా నిలబడి, ఒకే చోటును కనీసం పది నిమిషాలు గమనించండి. తొందరపడి నడిస్తే బురద లేచి అంతా మరుగైపోతుంది.

కనిపించినప్పుడు తోక అడుగు భాగాన్ని శ్రద్ధగా చూడండి, ఎందుకంటే అక్కడ ఉబ్బుగా ఉంటే అది గుడ్లను మోస్తున్న మగచేప కావచ్చు. ఆడచేప గుడ్లను మగచేప సంచిలో పెడుతుంది. పిల్లలు బయటికి వచ్చే వరకు వాటిని మోసేది తండ్రే. నాకు ఈ కుటుంబంలో అన్నింటికన్నా అపురూపంగా తోచే విషయం ఇదే.

మన చెరువుల్లో కనిపించే పొడవాటి ముక్కు చేపతో దీనిని పొరబడవద్దు. దానికి రెండు దవడలూ విడివిడిగా తెరుచుకుంటాయి, వాటికి పళ్లుంటాయి. పైప్ చేపకు గొట్టం చివర చిన్న నోరు మాత్రమే ఉంటుంది.

చేపను పట్టవద్దు. సముద్రపు గుర్రాలతో సహా ఈ కుటుంబాన్నంతటినీ 2001లో వన్యప్రాణి సంరక్షణ చట్టం మొదటి షెడ్యూలులో చేర్చారు. పక్కనుంచి ఫోటో తీసి, లోతు, మొక్క, పాటు సమయం అక్కడికక్కడే రాసుకోండి. తిరిగి వచ్చాక ఫోటోను పెద్దదిగా చేసి, ఉరో వాజం (మొప్పల వెనుక ఉండే రెక్క) మొదలయ్యే వలయం నుంచి పాయువు (మలద్వారం) ఉన్న వలయం వరకు వలయాలు ఎన్నో ఒక లెక్క, అక్కడి నుంచి తోక చివరి వరకు మరొక లెక్క వేయండి. జాతిని నిర్ణయించడంలో ఈ రెండు సంఖ్యలు, పృష్ఠ వాజ కిరణాల (ఆ రెక్కను నిలిపే సన్నని పుల్లల) సంఖ్య ముఖ్యమైన ఆధారాలు.