డైలాగ్ పిచ్చి ఉన్నవాళ్ళు జాక్ ఒడియార్ సినిమాలు ఎలా చూడాలి

విజయవాడ, గుంటూరు నుంచి కథ పట్టుకుని కృష్ణానగర్ బస్సెక్కేవాళ్ళలో చాలామందికి ముందు డైలాగులు పుడతాయి, సీన్లు తర్వాత వస్తాయి. మన దగ్గర మాటకున్న విలువ అలాంటిది, తప్పేం లేదు. కానీ ఆ డైలాగులు తీసేస్తే సీన్‌లో ఏం మిగులుతుందో చూసుకోవడం కూడా రావాలి. అది నేర్చుకోవాలంటే ఫ్రెంచ్ దర్శకుడు జాక్ ఒడియార్ సినిమాలు చూడమంటాను.

ఈయన 1952లో పుట్టాడు. తండ్రి మిషెల్ ఒడియార్ ఫ్రాన్స్‌లో పేరుమోసిన డైలాగ్ రచయిత. కొడుకు ఎడిటింగ్ పని నేర్చుకుని, 1980లలో వేరేవాళ్ళకి స్క్రిప్టులు రాసి, 1994లో, అంటే 42వ ఏట మొదటి సినిమాకి దర్శకత్వం వహించాడు. 2024 దాకా తీసినవి పదే. చిత్రమేమిటంటే, అలాంటి మాటల రచయిత కొడుకు సినిమాల్లో మనుషులకి తరచూ మాటే సరిగా అందదు.

విడుదలైన వరుసలో చూడొద్దు. ముందు 2015లో కాన్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి 'పామ్ దోర్' గెలిచిన 'ధీపన్' పెట్టుకోండి. ఎక్కువ భాగం తమిళమే కాబట్టి మనకి అక్కడక్కడా చెవికి అందుతుంది. శ్రీలంక యుద్ధం నుంచి పారిపోయిన ముగ్గురు, ఒకరికొకరు ఏమీ కానివాళ్ళు, ఫ్రాన్స్‌లో కుటుంబంలా నటిస్తూ బతుకుతారు. తర్వాత 2001 నాటి 'రీడ్ మై లిప్స్'. అందులో వినికిడి సరిగా లేని ఆఫీసు ఉద్యోగిని ఎదుటివాళ్ళ పెదాల కదలిక చదువుతుంది, కథ నడిచేదే దాని మీద. ఆ తర్వాత 'ఎ ప్రాఫెట్', 2009. చదవడం రాయడం రాని కుర్రాడు జైలుకెళ్ళి, చుట్టూ ఉన్న కోర్సికా (ఫ్రాన్స్‌కి చెందిన ఒక దీవి) ముఠావాళ్ళ భాషని వింటూ వింటూ నేర్చేసుకుంటాడు, ఆ సంగతి చాలాకాలం వాళ్ళకి చెప్పడు. ఇందులో హింస గట్టిగానే ఉంటుంది, పిల్లల్ని పక్కన పెట్టుకుని చూడకండి.

మొదటిసారి మామూలుగా చూసేయండి. రెండోసారి నచ్చిన ఒక్క సీన్ తీసుకుని, సౌండ్ ఆపేసి, సబ్‌టైటిల్స్ కూడా తీసేసి చూడండి. ఎవరికి ఏం కావాలి, ఎవరు ఏం దాస్తున్నారు, అది ఏ చేతి కదలికలో బయటపడింది అని రాసుకోండి.

ఇక మీ పేజీ. గుంటూరు మిర్చి యార్డే తీసుకోండి: ఉత్తరాది నుంచి వచ్చిన కొనుగోలుదారుకి హిందీ తప్ప రాదు, పల్నాడు రైతుకి తెలుగు తప్ప రాదు, మధ్యలో ఉండే కమీషన్ ఏజెంటు ఫోన్ వచ్చి పక్కకెళ్ళాడు. కొనేవాడు టిక్కీలోంచి (మిర్చి బస్తా) కాయ తీసి విరిచి చూస్తాడు, తాలు (నాసిరకం కాయ) ఉందంటూ రేటు తగ్గించాలని చూస్తున్నాడు, రైతుకేమో సాయంత్రంలోపు డబ్బు కావాలి. ఒక్క డైలాగ్ లేకుండా రాయండి. కుదరకపోతే యార్డుకి పోయి కాసేపు నిలబడి చూసి రండి. తెలియని చోటు గురించి రాస్తే పెద్దవాళ్ళకీ దెబ్బ తగులుతుంది, 2024లో వచ్చిన ఒడియార్ సినిమా 'ఎమిలియా పెరెజ్' తమ దేశాన్ని సరిగా చూపలేదని మెక్సికోలో చాలామంది మండిపడ్డారు.

రాసింది మీ ఒక్కరి దగ్గరే పెట్టుకోకండి. 'ఎ ప్రాఫెట్' మొదటి స్క్రిప్టు వేరేవాళ్ళది, ఒడియార్, రచయిత తోమా బిదెగాఁ కలిసి దాన్ని తిరగరాశారు. సినిమా పిచ్చి ఉన్న స్నేహితుడికి మీ పేజీ ఇచ్చి, రైతుకి ఎంత అవసరముందో, కొనేవాడు ఎక్కడ మెత్తబడ్డాడో చెప్పమనండి. చెప్పలేకపోతే అక్కడే తిరగరాయండి, డైలాగులు దాని తర్వాతే.