సామాజిక డాక్యుమెంటరీ నిర్మాణం – నాలుగో పాఠం: సమ్మతి తీసుకోవడం

గత పాఠంలో ఉద్దానాన్ని నమూనాగా తీసుకుని పరిశోధన ఫైలు తయారుచేశాము. శ్రీకాకుళం జిల్లాలోని కవిటి, సోంపేట, మందస, పలాస తదితర మండలాలను దశాబ్దాలుగా పీడిస్తున్న మూత్రపిండాల వ్యాధికి నిశ్చితమైన కారణం ఇంకా తేలలేదు కనుక, నీటినో పురుగుమందులనో దోషిగా నిలబెట్టే వ్యాఖ్యానం రాయరాదని అక్కడ నిర్ణయించుకున్నాము. కెమెరా వెళ్లకముందు ఆ రోగుల ఇళ్లలో నిర్మాత చేయవలసిన పని ఈ పాఠంలోని విషయం.

సమ్మతి పత్రంపై సంతకాలు తీసుకునే పనిని చాలామంది కొత్త నిర్మాతలు సహాయకులకు అప్పగిస్తారు. అది సరికాదని నా దృఢమైన అభిప్రాయం. డయాలిసిస్ చేయించుకుని నీరసంగా ఇంటికి చేరిన మనిషి, ఎదుట నిలబడినవారిని ప్రభుత్వం పంపిందనో, తన పింఛను వీరి చేతిలో ఉందనో అనుకుని వేలిముద్ర వేస్తే, ఆ సమ్మతికి విలువ లేదు. అందువల్ల మొదటిసారి కెమెరా లేకుండా వెళ్లండి. మీరెవరో, డబ్బు ఎవరిదో, చిత్రాన్ని ఎక్కడెక్కడ ప్రదర్శిస్తారో, దీనివల్ల వైద్యసాయం గాని పింఛను గాని రాదన్న సంగతితో సహా, వారి వాడుక మాటల్లో చెప్పండి. ఆ తరువాత, "నేను చెప్పినదాంట్లో మీకేం అర్థమైందో ఓసారి చెప్పండమ్మా" అని అడగండి; వారి జవాబులో మీ వివరణలోని లోపం బయటపడుతుంది. చదవడం రానివారికి వారు నమ్మే మనిషి చేత పత్రం చదివించి, ఒప్పుకోలును వారి గొంతులోనే రికార్డు చేయండి. ఏ తేదీలోగా మనసు మార్చుకోవచ్చో పత్రంలో రాసి, ఒక ప్రతిని వారి ఇంట్లో ఉంచండి.

సంతకంతో ఈ బాధ్యత తీరదు. గ్రామీణ మహిళలు నడిపే 'ఖబర్ లహరియా' వార్తాసంస్థపై తీసిన 'రైటింగ్ విత్ ఫైర్' చిత్రానికి 2022లో ఆస్కార్ నామినేషన్ దక్కింది. ప్రదానోత్సవానికి కొద్ది రోజుల ముందు ఆ సంస్థే, ఒక పార్టీ గురించి రాయడమే తమ పని అన్నట్లుగా చిత్రం చూపిందని బహిరంగంగా అభ్యంతరం తెలిపింది. చిత్ర నిర్మాతల స్వేచ్ఛా, చిత్రంలో కనిపించేవారి ఆత్మగౌరవమూ రెండూ విలువైనవే. కనుక రఫ్ కట్‌ను, అంటే చిత్రం తొలి కూర్పును, వారికి చూపే రోజులను షెడ్యూలులోనూ, ఆ ప్రయాణ ఖర్చును బడ్జెటులోనూ ముందుగానే రాసుకోవాలి. వాస్తవ దోషాలను సరిదిద్దుతామని, వారి భద్రతకు ముప్పు తెచ్చే దృశ్యాలను తొలగిస్తామని, మిగిలిన నిర్ణయం మాదేనని తొలి సమావేశంలోనే చెప్పాలి.

కొన్ని చోట్ల కుటుంబం ఒప్పుకున్నా చాలదు. లైంగిక నేరానికి గురైన పిల్లల గుర్తింపును మీడియాలో వెల్లడించడాన్ని 2012 నాటి పోక్సో చట్టంలోని 23వ సెక్షన్ నిషేధిస్తోంది. ప్రత్యేక న్యాయస్థానం అనుమతి ఉంటే తప్ప, ముఖాన్ని మసకబరిచి బడినో ఇంటినో చూపడమూ నేరమే.

అభ్యాసం: ఒక పేజీకి మించని సమ్మతి పత్రాన్ని తెలుగులో రాసి, సినిమా పనితో సంబంధం లేని పెద్దవారికి వినిపించండి. వారు ఆపి ప్రశ్న అడిగిన ప్రతి వాక్యాన్నీ తిరగరాసి, విరాళ సంస్థలకు దరఖాస్తు రాయడం నేర్చుకునే అయిదో పాఠానికి ఆ ప్రతిని దగ్గర ఉంచుకోండి.